అద్దె క్యాసెట్ల సామ్రాజ్యం

మేనేజ్‌మెంట్ తరగతుల్లో, వ్యక్తిత్వ వికాస ప్రసంగాల్లో బ్లాక్‌బస్టర్ అనే వీడియో అద్దె సంస్థ కథ తరచూ వినిపిస్తుంది. ఐదు కోట్ల డాలర్లకు నెట్‌ఫ్లిక్స్ గుమ్మం దాకా వస్తే కాదన్నారు, పదేళ్లలో మట్టికొట్టుకుపోయారు అని రెండు ముక్కల్లో తేల్చేస్తారు. వినేవాళ్లు నవ్వుతారు. అందులో అబద్ధమేమీ లేదు. కానీ పెద్దాయన ఎలా పోయాడని అడిగితే ఊపిరాగి పోయాడని చెప్పినట్టుంటుంది. ఎవరెవరు ఏం చేశారో, ఆ సంస్థతో పాటు మనందరి చేతుల్లోంచి జారిపోయిందేమిటో ఆ రెండు ముక్కల్లో ఉండదు. బ్లాక్‌బస్టర్ కళ్లు మూసుకుని గోతిలో పడలేదు. రాబోయేది చూసింది. చూసి తడబడింది, తర్వాత తెగించి పోరాడింది, ఒక దశలో గెలుపు అంచుకు వెళ్లింది. అక్కడి నుంచి కూలింది. అందుకే ఆ కథ నవ్వు తెప్పించదు నాకు.

మొదలు 1985 అక్టోబరులో, టెక్సస్ రాష్ట్రం డాలస్ నగరంలో. చమురు కంపెనీలకు సాఫ్ట్‌వేర్ అమ్ముకునే డేవిడ్ కుక్ అనే వ్యాపారి, చమురు ధరలు పడిపోయి ఆ వ్యాపారం దెబ్బతినడంతో వీడియో క్యాసెట్ల అద్దె దుకాణం తెరిచాడు. అప్పటికి అమెరికాలో వీడియో షాపులు లేకపోలేదు. చిన్న గది, కొన్ని వందల క్యాసెట్లు, అవి కూడా కౌంటర్ వెనకాల. కావలసింది అడిగితే తీసిచ్చేవాళ్లు. కుక్ ఎనిమిది వేల క్యాసెట్లు తెచ్చి బయట అరల్లో పెట్టాడు. ఎవరైనా లోపలికొచ్చి, చేత్తో తీసి, అట్ట వెనకాల రాసింది చదువుకుని, పెట్టేసి ఇంకోటి తీసుకోవచ్చు. ప్రతి క్యాసెట్‌కీ బార్‌కోడ్, కంప్యూటర్‌లో లెక్క. ఏ పేటలో ఏ రకం సినిమాలు పోతున్నాయో చూసుకుని ఆ పేట దుకాణానికి అవే పంపేవాడు.

ఆ వ్యాపారం నిలబడడానికి అసలు ఆధారం చట్టంలో ఉంది. అమెరికా కాపీరైట్ చట్టం ప్రకారం ఒక కాపీని డబ్బిచ్చి కొన్నవాడు దాన్ని అమ్ముకోవచ్చు, అద్దెకూ ఇచ్చుకోవచ్చు. సినిమా తీసిన స్టూడియో అనుమతి అక్కర్లేదు. ఎనభైల్లో స్టూడియోలు ఈ హక్కును తీసేయించాలని అమెరికా కాంగ్రెస్ చుట్టూ తిరిగి తిరిగి ఓడిపోయాయి. 1984 జనవరిలో సుప్రీంకోర్టు, ఇంట్లో టీవీ కార్యక్రమాన్ని తర్వాత చూసుకోవడానికి రికార్డు చేసుకోవడం కాపీరైట్ ఉల్లంఘన కాదని సోనీ కంపెనీ కేసులో తీర్పిచ్చింది. ఐదుగురు అటు, నలుగురు ఇటు. ఒక్క న్యాయమూర్తి అటు నుంచి ఇటు జరిగినా వీసీఆర్ చరిత్ర వేరేగా ఉండేది. ఈ చట్టం సంగతి గుర్తుంచుకోండి, చివర్లో మళ్లీ అవసరమవుతుంది.

1987లో వేన్ హైజెంగా వచ్చాడు. చెత్త ఎత్తే లారీలతో మొదలుపెట్టి వేస్ట్ మేనేజ్‌మెంట్ అనే మహా సంస్థను కట్టిన మనిషి. అతని చేతికొచ్చేనాటికి బ్లాక్‌బస్టర్ దుకాణాలు ఇరవై కూడా లేవు. ఏడేళ్లలో మూడు వేలు దాటించాడు. ఒక దశలో రోజుకొక కొత్త దుకాణం తెరిచారు. 1994లో వయాకామ్ అనే మీడియా సంస్థ 840 కోట్ల డాలర్లకు దాన్ని కొనేసింది. పారమౌంట్ స్టూడియోను దక్కించుకోవడానికి వయాకామ్‌కు చేతినిండా నగదు కావాలి, ఆ నగదు వీడియో దుకాణాల గల్లాపెట్టెల్లో ఉంది.

ఈ పెరుగుదలలో నలిగినవాళ్లున్నారు. భార్యాభర్తలు నడుపుకునే చిన్న వీడియో షాపులు ఊరూరా మూతపడ్డాయి. పెద్దలకు మాత్రమే అని కఠినమైన ముద్ర పడిన సినిమాలను అరల్లోకి రానివ్వమని బ్లాక్‌బస్టర్ 1991లో తీర్మానించింది. చాలా ఊళ్లలో అప్పటికి మిగిలింది అదొక్కటే దుకాణం. అది పెట్టనన్న సినిమా ఆ ఊరికి లేనట్టే. పోయినవాళ్ల గురించి మంచే చెప్పాలంటారు గానీ, ఈ మాట దాచిపెడితే కథ కథ కాదు.

అయినా ఆ దుకాణం ఎలా ఉండేదో చెప్పాలి. శుక్రవారం సాయంత్రం. బయట నీలం మీద పసుపు అక్షరాల బోర్డు. తలుపు తీయగానే గోడ పొడుగునా కొత్త సినిమాలు. ముందు ఖాళీ అట్టపెట్టె, దాని వెనకాల దుకాణం పెట్టెలో అసలు క్యాసెట్. అట్టపెట్టె వెనకాల ఏమీ లేకపోతే ఆ సినిమా ఎవరో పట్టుకుపోయినట్టు. అప్పుడు జనం కౌంటర్ దగ్గరికి వెళ్లి, ఇప్పుడే వాపసు వచ్చి ఇంకా అరలోకి చేరని క్యాసెట్ల గుట్టలో వెతికేవాళ్లు. అందులో దొరికితే ఆ ఆనందం వేరు. క్యాసెట్ మీద చిన్న స్టిక్కర్: దయచేసి మొదటికి తిప్పి ఇవ్వండి అని. పిల్లలు ఒకటంటారు, పెద్దలు ఒకటంటారు, అరగంట వాదులాట తర్వాత ఎవరూ అనుకోని మూడోది ఇంటికొస్తుంది. కౌంటర్‌లో కాలేజీ కుర్రాడు ‘‘పోయినసారి తీసుకెళ్లింది నచ్చిందా? అయితే ఇది చూడండి’’ అనేవాడు. సినిమా పిచ్చితోనే ఆ ఉద్యోగంలో చేరినవాళ్లు ఎందరో. వాళ్ల మాట విని చూసిన సినిమా బాగాలేకపోతే వచ్చే వారం వెళ్లి తగువు పెట్టుకోవడానికి ఒక మనిషి ఉండేవాడు. ఇవాళ తెర మీద ‘మీకోసం’ అంటూ వచ్చే వరసతో ఎవరు తగువు పెట్టుకోగలరు?

అమెరికాకు వెళ్లిన మనవాళ్లకు ఆ దుకాణంతో పాటు ఇంకొకటి కూడా ఉండేది. ఇండియన్ కిరాణా కొట్లో, పప్పుల సంచులు దాటాక, ఒక మూల తెలుగు క్యాసెట్ల అర. ఇక్కడి నుంచి బంధువులు తీసుకెళ్లిన క్యాసెట్ అక్కడి వీసీఆర్‌లో ఆడేది కాదు. మన టీవీ పద్ధతి పాల్, వాళ్లది ఎన్‌టీఎస్‌సీ. రెండూ ఆడించే మల్టీసిస్టమ్ వీసీఆర్ ఉన్న ఇంటికి వారాంతంలో నాలుగు కుటుంబాలు చేరేవి. ఇక్కడ మన ఊళ్లలో అదే కాలంలో వీసీపీ, కలర్ టీవీ రాత్రికి అద్దెకు తెచ్చి, వాకిట్లో పెట్టి, తెల్లవార్లూ మూడు సినిమాలు వేసుకోవడం చాలామందికి గుర్తుండే ఉంటుంది. అద్దె వృథా పోకూడదని నిద్ర ఆపుకుని మూడోదీ చూసేవాళ్లు.

ఇక పతనం. దాని విత్తనం, ఆలస్యంగా తిరిగిస్తే వసూలు చేసే లేట్ ఫీజులో ఉంది.

1997లో జాన్ ఆంటియోకో పగ్గాలు చేపట్టాడు. సమర్థుడు. అప్పటిదాకా ఒక్కో కొత్త క్యాసెట్‌కు స్టూడియోకు అరవై ఐదు డాలర్ల దాకా కట్టాల్సి వచ్చేది. ఆంటియోకో స్టూడియోలతో కూర్చుని, క్యాసెట్ చవగ్గా ఇవ్వండి, వచ్చిన అద్దెలో నలభై శాతం దాకా మీరు తీసుకోండి అని ఒప్పించాడు. దాంతో కొత్త సినిమా వచ్చిన రోజు దుకాణంలో కాపీలు కుప్పలుగా ఉండేవి. చిన్న షాపులకు ఆ బేరం దొరకలేదు, మిగిలినవీ పోయాయి. వ్యాపారం మళ్లీ కళకళలాడింది. కానీ ఖాతా పుస్తకం మధ్యలో ఒక కుళ్లు పెరుగుతోంది. 2000 సంవత్సరంలో లేట్ ఫీజుల కింద వచ్చింది దాదాపు 80 కోట్ల డాలర్లు. మొత్తం ఆదాయంలో సుమారు 16 శాతం. కస్టమర్ మతిమరుపు మీద, సోమవారం పొద్దున ఆఫీసుకు పరుగెత్తే తల్లి హడావిడి మీద అంత సొమ్ము. తన దగ్గరికి వచ్చేవాళ్లకు తన మీద ఎంత కోపం పేరుకుంటే అంత లాభం వచ్చే స్థితికి చేరింది ఆ సంస్థ. నా తీర్పు అడిగితే, దాన్ని చంపిన జబ్బు ఇదే.

అదే 2000 సంవత్సరం ఆ సంస్థకు రెండు తలుపులు తెరిచింది.

ఒకటి ఎన్రాన్ అనే ఇంధన సంస్థ. జులైలో ఎన్రాన్ బ్రాడ్‌బ్యాండ్ విభాగంతో బ్లాక్‌బస్టర్ ఇరవై ఏళ్ల ఒప్పందం కుదుర్చుకుంది: సినిమాలను తీగ ద్వారా నేరుగా ఇళ్లకు పంపడానికి. చదువరి ఇక్కడ ఒక్క క్షణం ఆగాలి. మనం ఇవాళ స్ట్రీమింగ్ అంటున్నది అదే. నెట్‌ఫ్లిక్స్ దాన్ని మొదలుపెట్టడానికి ఆరేళ్లకు పైగా ముందే బ్లాక్‌బస్టర్ నాలుగు నగరాల్లో పరీక్షించి చూసింది. 2001 మార్చిలో ఒప్పందం చెడిపోయింది. ఆడని ఆ వ్యాపారం పేరిట ఎన్రాన్ 11 కోట్ల డాలర్ల లాభం లెక్కల్లో రాసుకుందని తర్వాత బయటపడింది. ఆ ఏడాది చివరికి ఎన్రాన్ దివాలా. దారి సరైనదే, చెయ్యి పట్టుకున్నవాడు దొంగ.

రెండోది అందరికీ తెలిసినది. సెప్టెంబరులో నెట్‌ఫ్లిక్స్ నుంచి రీడ్ హేస్టింగ్స్, మార్క్ రాండాల్ఫ్, బారీ మెకార్తీ డాలస్‌లోని బ్లాక్‌బస్టర్ ప్రధాన కార్యాలయానికి వచ్చారు. పోస్టులో డీవీడీలు పంపే వాళ్ల కంపెనీ ఆ ఏడాది ఐదు కోట్ల డాలర్లకు పైగా నష్టంలో ఉంది. డాట్‌కామ్ బుడగ అప్పుడే పగిలింది. మమ్మల్ని కొనుక్కోండి, మీ ఆన్‌లైన్ పని మేం చూస్తాం అన్నారు. ఎంతకు? ఐదు కోట్ల డాలర్లు. ఆంటియోకో నవ్వు ఆపుకోవడం చూశానని రాండాల్ఫ్ తర్వాత తన పుస్తకంలో రాసుకున్నాడు. నిజమే, కాదన్నారు. కానీ అప్పటి లెక్కల్లో అది మునిగిపోతున్న చిన్న పడవ. నెట్‌ఫ్లిక్స్‌ను కొన్నంత మాత్రాన బ్లాక్‌బస్టర్ బతికేదా? లేట్ ఫీజు మీద బతికే ఇల్లు, లేట్ ఫీజే లేని కోడలిని ఎన్నాళ్లు సాగనిచ్చేది? నాకు నమ్మకం లేదు.

2004కి దుకాణాలు తొమ్మిది వేలు దాటాయి. పనిచేసేవాళ్లు 84 వేల మంది. శిఖరం అదే. ఆ ఏడాదే వయాకామ్ దాన్ని వదిలించుకుంది. వదిలించుకునే ముందు వాటాదారులందరికీ షేరుకు ఐదు డాలర్ల చొప్పున ప్రత్యేక డివిడెండ్ ఇప్పించింది. మొత్తం 90 కోట్ల డాలర్ల పైమాట. అందులో సింహభాగం వయాకామ్‌కే. దానికోసం బ్లాక్‌బస్టర్ వంద కోట్ల డాలర్లకు పైగా అప్పు చేయాల్సి వచ్చింది. యుద్ధం మొదలవుతున్న రోజున నెత్తిన ఆ మూట. సెమినార్లలో చెప్పే కథలో ఈ అప్పు ఊసు ఉండదు. నెట్‌ఫ్లిక్స్ పేరు తెలిసిన పిల్లలకు ఈ డివిడెండ్ పేరు తెలియదు.

ఆంటియోకోకు అప్పటికి కనువిప్పు కలిగింది. 2004లో ఆన్‌లైన్ సేవ మొదలుపెట్టాడు, 2005 జనవరిలో లేట్ ఫీజు ఎత్తేశాడు. ఒక్కొక్కదానికీ 20 కోట్ల డాలర్ల ఖర్చు. ఎత్తేయడంలోనూ మెలిక ఉంది. వారం దాటి ఉంచుకుంటే సినిమా మీరు కొన్నట్టే లెక్కగట్టి వసూలు చేసేవాళ్లు. నలభైకి పైగా రాష్ట్రాల అటార్నీ జనరళ్లు ప్రశ్నించి రాజీకి తెచ్చారు. పాత కోపం చల్లారేలోపు కొత్త అనుమానం.

ఖర్చు చూసి కార్ల్ ఐకాన్ మండిపడ్డాడు. షేర్లు కొనిపడేసి కంపెనీలను గుంజాటలో పెట్టడంలో పేరుమోసిన మదుపరి. 2005 మేలో ఓటింగులో నెగ్గి తనూ, తన మనుషులిద్దరూ బోర్డులోకి వచ్చి కూర్చున్నారు. ఇక ప్రతి సమావేశమూ పంచాయితీ.

అంత పంచాయితీలోనూ 2006 నవంబరులో ఒక అద్భుతం చేశారు. టోటల్ యాక్సెస్. పోస్టులో వచ్చిన డీవీడీ చూశాక తిరిగి పోస్టులో వేయక్కర్లేదు, దగ్గరి దుకాణంలో ఇచ్చేయొచ్చు. ఇచ్చిన చోటే ఇంకో సినిమా ఉచితంగా పట్టుకెళ్లొచ్చు. నెట్‌ఫ్లిక్స్‌కు దుకాణాల్లేవు, కాబట్టి జవాబు లేదు. జనం ఎగబడ్డారు. 2007 రెండో త్రైమాసికంలో నెట్‌ఫ్లిక్స్ చందాదారుల సంఖ్య తన చరిత్రలో మొదటిసారి తగ్గింది. దుకాణాలు బరువు కాదు, బలం అని తేలిన ఆర్నెల్లు అవి. ప్రతి ఉచిత సినిమా మీదా బ్లాక్‌బస్టర్ చేతి డబ్బు పోతున్న మాట నిజమే. కొన్నాళ్లు ఓర్చుకుంటే ధర సర్దుకోవచ్చన్నది ఆంటియోకో లెక్క.

బోర్డు ఓర్చుకోలేదు. ఆయనకు రావలసిన బోనస్ మీద బోర్డుతో గొడవ ముదిరి 2007 జులైలో వెళ్లిపోయాడు. సెవెన్ ఎలెవెన్ దుకాణాల సంస్థ నుంచి వచ్చిన జిమ్ కీస్ టోటల్ యాక్సెస్ ధరలు పెంచాడు, ఆన్‌లైన్ మీద ఖర్చు కోశాడు. దుకాణాలే మన బలం అన్నాడు. 2008లో వంద కోట్ల డాలర్లు పోసి సర్క్యూట్ సిటీ అనే ఎలక్ట్రానిక్ షాపుల గొలుసును కొనబోయాడు. జులైలో విరమించుకున్నాడు, నవంబరుకల్లా సర్క్యూట్ సిటీయే దివాలా తీసింది.

ఈలోగా 2007 జనవరిలో నెట్‌ఫ్లిక్స్ ఎవరూ పెద్దగా పట్టించుకోని పని ఒకటి మొదలుపెట్టింది. తన చందాదారులకు వెయ్యి దాకా సినిమాలు, సీరియళ్లు కంప్యూటర్‌లోనే చూసుకునే వీలు. ఎక్కువ పాతవే. నెలకు ఇన్ని గంటలు అని పరిమితి కూడా. రెండు మూడేళ్లలో అది టీవీలోకి వచ్చింది, పరిమితి పోయింది. ఆ తర్వాత డీవీడీ కోసం పోస్టుమన్ రావలసిన అవసరమూ, దుకాణానికి కారు తీయవలసిన అవసరమూ ఒకేసారి తీరిపోయాయి.

2010 సెప్టెంబరు 23న బ్లాక్‌బస్టర్ దివాలా పిటిషన్ వేసింది. మరుసటి ఏడాది వేలంలో శాటిలైట్ టీవీ సంస్థ డిష్ నెట్‌వర్క్ 32 కోట్ల డాలర్లకు పాడుకుంది. 2013 నవంబరులో, మిగిలిన మూడు వందల సొంత దుకాణాలూ మూసేస్తున్నామంది. చివరిగా అద్దెకు వెళ్లిన సినిమా, హవాయిలోని దుకాణం నుంచి, నవంబరు 9 రాత్రి: ‘దిస్ ఈజ్ ది ఎండ్’. ఎనభై నాలుగు వేల మందిలో అప్పటికి ఎంతమంది మిగిలారో, ఏ ఊళ్లో ఏ కౌంటర్ వెనక నుంచి చివరి తాళం వేశారో చెప్పే పుస్తకం నా కంటపడలేదు. ఐకాన్ గురించీ, ఆంటియోకో గురించీ మాత్రం రాశారు.

ఫ్రాంచైజీ తీసుకున్న కొందరు ఇంకొన్నాళ్లు లాక్కొచ్చారు. 2018లో అలాస్కాలోని చివరి రెండూ పోయాయి. 2019 మార్చిలో ఆస్ట్రేలియాలోని మార్లీ దుకాణం అద్దెలు ఆపేశాక భూమి మీద ఒక్కటే మిగిలింది. ఓరిగన్ రాష్ట్రంలో బెండ్ అనే ఊళ్లో.

గెలిచినవాడి కథ కూడా అక్కడితో అయిపోలేదు. 2023 సెప్టెంబరు 29న నెట్‌ఫ్లిక్స్ తన ఎర్ర కవర్ల డీవీడీ సేవను మూసేసింది. పాతికేళ్లలో 520 కోట్లకు పైగా డిస్కులు పంపిన సేవ అది. చివరి డిస్కులు తిరిగి పంపక్కర్లేదు, ఉంచుకోండి అని చెప్పింది. బ్లాక్‌బస్టర్‌ను పడగొట్టిన చెయ్యి స్ట్రీమింగ్ ముందు తనంతట తనే కిందికి దిగిపోయింది. ఆ డీవీడీ సేవలో ఒకప్పుడు లక్ష సినిమాలు దొరికేవి. మూకీల కాలం నుంచి ఏ దేశానిదైనా సరే. స్ట్రీమింగ్‌లో ఏ దేశంలో చూసినా అందులో పదోవంతుకు అటూ ఇటూ.

ఎందుకని? ఇక్కడే ఆ చట్టం సంగతి. క్యాసెట్ గానీ, డిస్కు గానీ దుకాణం కొన్న వస్తువు. కొన్నాక స్టూడియోకు దాని మీద పెత్తనం లేదు. పాతదైనా, ఎవరూ అడగనిదైనా అరలో ఉంటుంది. స్ట్రీమింగ్‌లో కొనడమనేది లేదు. ప్రతి సినిమాకూ ఇన్నేళ్లకని లైసెన్సు, అది ముగిసిన అర్ధరాత్రి సినిమా మాయం. సొంతంగా తీసినవైనా నిలుస్తాయన్న భరోసా లేదు. హెచ్‌బీఓ మాక్స్ 2022లో ‘వెస్ట్‌వరల్డ్’ను తన సొంత వేదిక నుంచే తీసేసింది. డిస్నీ ‘విల్లో’ సీరియల్ విడుదలైన ఆరు నెలలకే 2023 మేలో కనపడకుండా పోయింది. పన్ను లెక్కలూ, రాయల్టీలూ కారణం. చూసేవాడి ప్రమేయం లేకుండా జరిగిపోతుంది. ఎనభైల్లో కాంగ్రెస్‌లో ఓడిపోయిన స్టూడియోలు ఏ చట్టమూ మార్చకుండానే ఇలా గెలిచాయి. బ్లాక్‌బస్టర్‌తో పాటు పోయింది ఇది. కంపెనీ పోతే ఇంకో కంపెనీ వస్తుంది. ఊళ్లో ఒకరి దగ్గర సినిమా వస్తువుగా ఉండటం మాత్రం పోయింది.

స్ట్రీమింగ్ తెచ్చిన మేలు నేను కాదనను. డాలస్‌లోని అమ్మమ్మ ఇవాళ తెలుగు సినిమా కోసం ఎవరి వీసీఆర్ ముందూ కూర్చోనక్కర్లేదు. విడుదలైన కొన్ని వారాలకే ఆమె చేతి ఫోన్లో ఉంటుంది. కానీ ఆమె ఎనభైల్లో చూసిన ఒక మామూలు సినిమా, హిట్ కానిది, పెద్ద హీరో లేనిది, ఒకసారి వెతికి చూడండి. చాలావాటికి తెర మీద సమాధానం రాదు. మనకిది కొత్త దుఃఖం కాదు. మన తొలి టాకీ ‘భక్త ప్రహ్లాద’ 1932 నాటిది. చూద్దామంటే ప్రింటే లేదు.

అమెరికాలో కొందరు మేలుకున్నారు. సియాటిల్‌లోని స్కేర్‌క్రో వీడియో 2014లో లాభాపేక్ష లేని సంస్థగా మారి లక్షకు పైగా సినిమాలను కాపాడుకుంటూ ఇప్పటికీ అద్దెకిస్తోంది. మన దగ్గర మోజర్‌బేర్ అనే డిస్కుల కంపెనీ 2007 ప్రాంతంలో వీసీడీ 28 రూపాయలకు, డీవీడీ 34 రూపాయలకు అమ్మింది. తెలుగువి కూడా ఇంటింటికీ చేరాయి. ఆ కంపెనీని మూసేసి ఆస్తులు అమ్మేయమని 2018లో ట్రైబ్యునల్ ఆదేశించింది. ఆ డిస్కులు మాత్రం ఇంకా మన అలమరాల అడుగున, పెళ్లి ఆల్బముల కింద ఉన్నాయి. పండక్కి ఇల్లు దులిపేటప్పుడు వాటిని పాత ఇనుపసామాను బండికి వేయకండి. పేర్లు ఒక కాగితం మీద రాయండి. ఆడుతున్నాయో లేదో చూడండి. ఎక్కడా దొరకని సినిమా ఒక్కటైనా అందులో ఉంటే, దాన్ని జాగ్రత్త చేయగల గ్రంథాలయానికో, సినిమా చరిత్ర మీద పనిచేసేవాళ్లకో ఇవ్వండి. తడి, ఫంగస్ పట్టకముందే ఇవ్వండి.